నాలుగో పాదం

రోజు 1

ఫిర్యాదు నంబరు 4417 తెరిచాను. నిబంధన ప్రకారం, తెరిచిన రోజు నుంచి మూసే రోజు దాకా ఏం జరిగిందో ఈ పుస్తకంలో రాయాలి. పై ఆఫీసులో ఎవరూ దీన్ని చదవరని నాకు తెలుసు. అందుకే కాస్త మనసు విప్పి రాస్తాను. పై ఆఫీసు అని మర్యాదకి అనడం లేదు. ఇక్కడి నుంచి చూస్తే భూమి నిజంగానే నెత్తిమీద ఉంటుంది.

పొద్దున్నే కంటిపట్టీలు తుడవడం నా మొదటి పని. మా మట్టిపేటలో మూడు వందల ఆరుగురం, మూడు వందల ఆరు పట్టీలు. చంద్రుడి దుమ్ము బియ్యప్పిండి కన్నా సన్నం, సందు దొరికితే చాలు దూరిపోతుంది. పగలంతా మట్టి వేయించి అందులోంచి ఊపిరికి గాలి తీసే జనం, సాయంత్రం పట్టీ కళ్లకు కట్టుకుని "నాకో ప్రేమకథ కావాలి, అందులో వాన పడాలి" అంటారు. రసధార అనే యంత్రం అప్పటికప్పుడు కథ అల్లి చూపిస్తుంది. ఎవరి కథ వారిదే. చూసింది మళ్లీ రాదు, దాచుకోవడానికీ వీల్లేదు. రసధార మంచిచెడ్డలు చూసే ఉద్యోగిని నేను, త్రిపురసుందరిని. ఎనిమిదేళ్లుగా నాకు వచ్చే ఫిర్యాదులు మూడే రకాలు: ఏడుపు ఎక్కువైంది, నవ్వు తక్కువైంది, కథానాయకుడి ముక్కు బాగాలేదు.

ఈ రోజు వచ్చింది నాలుగో రకం. ఆకుకూరల గది చూసే బొలిశెట్టి భద్రాచలంగారు కొత్తిమీర కట్ట చేత్తో పట్టుకునే వచ్చేశారు. డెబ్భై ఒక్క ఏళ్ల మనిషి, మూడు గెంతుల్లో వసారా దాటారు.

"అమ్మాయ్, నిన్న సాయంత్రం నా పట్టీలో ఓ పద్యం వచ్చిందమ్మా. ఏం పద్యమనుకున్నావ్! నలభై ఏళ్లయింది అలాంటిది చెవినపడి. రాజుగారి గుండెలో బాణం దిగిపోయింది. యుద్ధభూమిలో ఏనుగు కాలికి ఆనుకుని, ఇంటి దగ్గరున్న రాణిని తల్చుకుని పాడుతున్నాడు. ఉండబట్టలేక వన్స్‌మోర్ అన్నాను. అంతే! రాజూ లేడు, ఏనుగూ లేదు. ఎవరో ఆడపిల్ల సైకిలు తొక్కుకుంటూ వచ్చేసింది. ఇదేం మర్యాదమ్మా?"

"వన్స్‌మోర్ అంటే ఏమిటి బాబాయ్‌గారూ?"

ఆయన నా వంక జాలిగా చూశారు. తెలుగు గడ్డ మీద పుట్టి ఈ ప్రశ్న అడిగేవాళ్లు కూడా ఉంటారా అని ఆ చూపుకి అర్థం.

"పద్యం నచ్చితే జనం వన్స్‌మోర్ అని అరుస్తారు. నటుడు మళ్లీ పాడాలి. చచ్చి పడున్నా సరే, లేచి పాడి మళ్లీ చావాలి. ఆయ్! నేను కత్తిపూడిలో ఒక్క ఆటలో ఏడుసార్లు చచ్చాను. కుర్రతనంలో మాదే ఆఖరి పద్యనాటకాల బృందం మరి."

సరే, ఆ పద్యం చెప్పండి అన్నాను. ఆయన గొంతు సవరించుకుని, కొత్తిమీర కట్ట గుండెకు అదుముకుని అందుకున్నారు.

దీపమార్పకు చెలియ నే తిరిగి వత్తు
కోట గుమ్మాన నీ చూపు గురుతు నిలుపు
వేయి కత్తులు దారిలో వెలసెనేని

అక్కడ ఆగిపోయారు. పెదవులు కదులుతున్నాయి, మాట రావడం లేదు.

"నాలుగో పాదం నాలుక చివరే ఉందమ్మా. రావట్లేదు." ఆయన ముఖం చిన్నబోయింది. "మూడు వందల పద్యాలు నోటికొచ్చేవి నాకు. ఒకసారి వింటే చాలు పట్టేసేవాణ్ని. అలాంటిది, నిన్న విన్నది ఇవాళ పోయిందంటే..."

ఫిర్యాదు పత్రంలో ఈ రకానికి గడి లేదు. "ఇతరములు" అని రాశాను. ముప్పై రోజుల్లో పరిష్కరించాలి. ముప్పయ్యో రోజుకి అయిదు కన్నా ఎక్కువ ఫిర్యాదులు తెరిచి ఉంటే నా ఉద్యోగం పొడిగించరు, తిరుగు ప్రయాణమే. భూమ్మీద నా ఎడమ మోకాలు నన్ను నాలుగు మెట్లు కూడా ఎక్కనివ్వదు. ఇక్కడ బరువు ఆరో వంతే కాబట్టి గెంతులేస్తూ తిరుగుతున్నాను. నలభై ఆరేళ్లకి మళ్లీ గెంతడం వచ్చినదాన్ని, ఊరికే వదులుకుంటానా? అయినా ఒక్క ఫిర్యాదే కదా అని దిగులు పడలేదు.

రోజు 4

నాకు పద్యాలంటే పడదు. బళ్లో అప్పగించలేక గోడకుర్చీ వేసిన రోజులు ఇంకా గుర్తున్నాయి. కనుక ఈ పనిని యంత్రానికే అప్పగించాను. మూడు పాదాలూ ఇచ్చి, నాలుగోది కట్టమన్నాను. కన్ను మూసి తెరిచేలోగా అరవై కట్టింది. అన్నీ శుభ్రంగా ఉన్నాయి.

భద్రాచలంగారు పాలకూర మడి గట్టున కూర్చుని ఓపిగ్గా అరవయ్యీ విన్నారు.

"ఇది కాదు. ఇదీ కాదు. ఊహూ, ఇందులో ఉప్పు లేదు."

"ఏదో ఒకటి ఒప్పేసుకోకూడదా బాబాయ్‌గారూ? నేను ఫిర్యాదు మూసేస్తాను."

"పక్కింటి గేదెను తెచ్చి కట్టేస్తే మనదవుతుందా అమ్మాయ్? దూడ ఒప్పుకోవద్దూ?"

రోజు 7

ఫిర్యాదు నంబరు 4418. ఇచ్చినది వంటగది పెద్ద సమ్మక్క. పెసరపిండి చేతులతోనే వచ్చి నా బల్లంతా పిండి చేసింది.

"సుందరక్కా, గా ముసలాయన కూరలు దేనీకి నేను బోతే మూడు లైన్లు పాడిండు. నాలుగోది అడిగితే తెల్వదంటడు. గిదేం పద్ధతి? మూడు రోజులాయె, అట్టు ఏస్తున్నా గదే, గిన్నె కడుగుతున్నా గదే. నిద్ర పడ్తలేదు. నాగ్గూడ గా నాలుగో లైను గావాలె. రాసుకో."

"అది ఆయన చూసిన కథలోది సమ్మక్కా. నీ కథ మీద నీకేమైనా ఫిర్యాదు ఉంటే..."

"నా కథ బంజేసిన. దాన్ల ఏం లేదు. నువ్వు రాసుకో."

రాసుకున్నాను. పనిలో పనిగా ఆమె పాడిన మూడు పాదాలూ విన్నాను. రాజు యుద్ధభూమిలో కాక, పెళ్లి ఊరేగింపులో ఉన్నట్టుంది ఆ రాగం.

రోజు 11

ముప్పై ఎనిమిది ఫిర్యాదులు. అన్నీ ఒకటే.

మధ్యాహ్నం భోజనశాలలో గొడవ విని పరుగెత్తాను. ఇన్నేళ్లలో అక్కడ నేను విన్న మాటలు రెండే: ఈ రోజు ఎంత మట్టి వేగింది, ఎవరికి కడుపు బాగాలేదు. అంతకు మించి మాట్లాడుకోవడానికి ఏముంటుంది? నా కథ నువ్వు చూడలేదు, నీ కథ నేను చూడలేదు. నిన్న రాత్రి పట్టీలో ఎంత గొప్ప కథ చూసినా, పొద్దున్నే పక్కవాడికి చెప్పబోతే, తన కల చెప్పుకునే మనిషిని భరించినట్టు భరిస్తాడు.

ఈ రోజు అందరూ ఒకేసారి మాట్లాడుతున్నారు. గాలి గొట్టాలు చూసే దేవసహాయం బల్లమీద చెయ్యి కొట్టి మరీ వాదిస్తున్నాడు.

"రాజు చచ్చేవాడు కాదండీ. చచ్చేవాడైతే దీపం ఆర్పొద్దని ఎందుకంటాడు? ఏదో ఒక ఉపాయం చేసి వచ్చేద్దామనే గదా! నేను రాశా చూడండి, 'దొంగదారిని నేనింక దూరివత్తు'. ఎట్టుంది?"

"ఛీ! రాజు దొంగదారిన వస్తాడా?" అని అటు నుంచి ఒకరు.

"గుండెలో బాణం ఉన్నోడు ఏ దారైతే ఏందమ్మా, ఇంటికి చేరితే చాలు గదా!"

అంతా ఘొల్లుమన్నారు. మూడు వందల మంది ఒకే మాటకి నవ్వితే ఎంత చప్పుడవుతుందో నేను మర్చిపోయాను. పైకప్పు రేకు అదిరింది. నాకు కోపం రావాలి, పని పెరుగుతోంది కనుక. వచ్చింది కూడా. కానీ సాయంత్రం పట్టీలు పంచుతూ పంచుతూ నేనే "కోట గుమ్మాన" అని కూనిరాగం తీస్తున్నానని గమనించి నాలుక కరుచుకున్నాను.

రోజు 16

నూట డెబ్భై ఒకటి.

పై ఆఫీసు నుంచి అపరాజితగారి సందేశం వచ్చింది. ఆవిడ మా విభాగం అధికారి. ఆవిడ ముఖం నేనెప్పుడూ చూడలేదు, సంతకం మాత్రం చూశాను.

"త్రిపురసుందరిగారికి, ఒకే విషయం మీద రెండు ఫిర్యాదులు రావడం సాంకేతికంగా అసాధ్యం. మీ దగ్గర నూట డెబ్భై ఒకటి వచ్చాయి. అంకెలు సరిచూసుకోగలరు. మట్టిపేటలో రసధార వాడకం సగానికి పడిపోయింది. ప్రజలు ఆ సమయంలో ఏం చేస్తున్నారో తెలుపగలరు."

తెలిపాను. "పద్యపాదాలు కడుతున్నారు. అంకెలు సరైనవే."

జవాబు రాలేదు. నా మోకాలిని తలుచుకుని నిట్టూర్చాను.

రోజు 22

మూడు వందల ఐదు. మిగిలింది నేనొక్కదాన్నే. నా ఫిర్యాదు నాకే ఇచ్చుకోవడానికి నిబంధన ఒప్పుకోదు.

రోజూ వచ్చే కొత్తిమీర రావడం మానేసింది. అంటే, భద్రాచలంగారు రావడం మానేశారు. ఊరంతా పద్యం పాడుతుంటే, దాన్ని తెచ్చిన మనిషి మాత్రం ఎక్కడా కనబడడం లేదు. నేనే ఆకుకూరల గదికి వెళ్లాను. ఆయన తోటకూర మొక్కల మధ్య వెనక్కి తిరిగి నిలబడి ఏదో గొణుక్కుంటున్నారు. నన్ను చూసి సిగ్గుపడ్డారు.

"పాత పద్యాలు అప్పగించుకుంటున్నానమ్మా, రోజుకి పది. ఇంకేవైనా పోయాయేమోనని."

"పోయాయా?"

"ఇప్పటిదాకా అన్నీ ఉన్నాయి. కానీ నమ్మకం పోయింది. మా నాన్న కూడా ముందు ఒక్క పేరే మర్చిపోయాడు. తర్వాత నన్ను." తోటకూర ఆకు ఒకటి గిల్లి, మళ్లీ అక్కడే పెట్టబోయారు. "అందరూ నాలుగోది ఏదీ అని అడుగుతుంటే ఎలా తలెత్తుకోనమ్మా? నటుణ్ని. పద్యం మింగేశాను."

ఇన్నాళ్లూ నేను నా మోకాలి గురించే ఆలోచించాను. ఈ పెద్దాయన తన బుర్ర తనని వదిలిపోతోందేమోనని రోజూ పది పద్యాలు లెక్క చూసుకుంటున్నారు. ఎలాగైనా ఆ పాదాన్ని వెతికి తీరాలని ఈ రోజు నిర్ణయించుకున్నాను.

రోజు 25

దొరికింది. అంటే, దొరకలేదు. వివరంగా రాస్తాను.

రసధార తను చూపిన కథని దాచదు. కానీ పట్టీ చూసేవాడి గొంతును నలభై రోజులు దాస్తుంది. ఎవరికైనా దగ్గు ముదురుతోందేమో డాక్టరుగారు వినడానికి ఆ ఏర్పాటు. కథలో ఏ ముక్క ఎన్ని సెకన్లు నడిచిందో కూడా యంత్రం రాసుకుంటుంది. ఎనిమిదేళ్లలో ఈ రెండూ పక్కపక్కన పెట్టి చూడాల్సిన అవసరం నాకు రాలేదు. ఈ రోజు డాక్టరుగారి అనుమతి, భద్రాచలంగారి వేలిముద్ర తీసుకుని పెట్టాను.

ముందు ఆయన ఊపిరి వినబడింది. "అబ్బ" అన్నారు. "అబ్బబ్బ" అన్నారు. మొదటి పాదం నలభై రెండు సెకన్లు. రెండోది నలభై. మూడోది, సాగదీసి సాగదీసి, యాభై ఒకటి. అది ముగుస్తుండగానే పట్టీ పగిలేటట్టు ఒక కేక: "వన్స్‌మోర్!"

యంత్రం పుస్తకంలో ఆ సెకనుకి ఎదురుగా ఇలా ఉంది: "ప్రేక్షకుడు కలవరపడ్డాడు. దృశ్యం మార్చడమైనది." తర్వాత సైకిలు పిల్ల.

నాలుగో పాదం ఆయన మర్చిపోలేదు. అసలు వినలేదు. రాజు ఊపిరి పీల్చుకుంటుండగానే ఆనందం పట్టలేక ఆయన వేసిన కేకే ఆ పాదాన్ని పుట్టకముందే తరిమేసింది. ఆ యంత్రం ఎక్కడో తయారైంది. అక్కడివాళ్లకి నచ్చితే ఊరుకుంటారు కాబోలు, నచ్చితే అరుస్తారని దానికెవరూ చెప్పలేదు.

రోజు 26

ఎలా చెప్పాలో తెలియక మడి చుట్టూ రెండుసార్లు తిరిగాను. చివరికి ఏమీ చెప్పకుండా ఆ రికార్డు వినిపించి, అంకెలు ముందు పెట్టాను.

ఆయన మొదటిసారి చెవి ఒగ్గి విన్నారు. రెండోసారి వినిపించమన్నారు. మూడోసారి విన్నాక కళ్లలో నీళ్లు తిరిగాయి.

"అంటే, నేను మర్చిపోలేదన్నమాట."

"లేదు బాబాయ్‌గారూ."

"నా బుర్ర బాగానే ఉంది."

"నా దానికన్నా బాగుంది."

అప్పుడు మొదలైంది నవ్వు. పొట్ట పట్టుకుని, మడి గట్టు పట్టుకుని, చివరికి నా భుజం పట్టుకుని నవ్వారు. దగ్గు వచ్చేదాకా నవ్వారు. "ఓరి నా నోరు తగలెయ్యా! కత్తిపూడిలో ఒకడు మూడో పాదంలోనే వన్స్‌మోర్ అని అరిస్తే, తాళం తెలియని వెధవ అని తిట్టానమ్మా. నలభై ఏళ్లు తిట్టాను. ఇప్పుడు నేనే వాణ్నయ్యాను!"

నాకూ నవ్వాగలేదు. కాసేపయ్యాక ఆయనే అడిగారు. "మరి నీ ఫిర్యాదు మూసేస్తావా?"

"మీది మూసేయొచ్చు. మిగతా మూడు వందల నాలుగూ ఎలా మూయను? అందరికీ నాలుగో పాదం కావాలట. తృప్తి చెందాం అని ఎవరికి వారు సంతకం పెట్టాలి. నాలుగే రోజులుంది."

"దానికేం భాగ్యం? లేని పాదం మనమే కట్టుకుందాం. ఎల్లుండి భోజనశాలలో ఆట ఆడతాను. రాజు వేషం నాదే. జనం పాదాలు పట్టుకొస్తారు, ఎక్కువమంది మెచ్చింది నేను పాడతాను. అందరూ సంతకాలు పెడతారు. నీ మోకాలు ఇక్కడే ఉంటుంది."

మోకాలి సంగతి ఈయనకి ఎలా తెలుసని అడిగితే, ఊరందరికీ తెలుసమ్మా అన్నారు.

రోజు 28

ఉన్నది ఉన్నట్టు రాస్తాను. నవ్వి నవ్వి దవడలు నొప్పిగా ఉన్నాయి, తప్పులుంటే క్షమించాలి.

పాదాలన్నీ సమ్మక్క సాంబారు బకెట్లో పడ్డాయి, నూట నలభై రెండు. చేతులెత్తి లెక్క చూశాం. దేవసహాయం దొంగదారి రెండో స్థానంలో ఆగిపోయింది. గెలిచింది సమ్మక్క పాదం. ఎందుకు గెలిచిందంటే, అది చదవగానే అందరికీ ఆకలేసింది. నేనూ ఒకటి కట్టాను. పట్టీలు తుడిచే గుడ్డ మీద రాసి జేబులో పెట్టుకున్నాను గానీ, సిగ్గేసి బకెట్లో వేయలేదు.

సాయంత్రం ఆరింటికి మూడు వందల ఆరు పట్టీలూ నా గదిలో కొక్కేలకి వేలాడుతున్నాయి. రసధార వాడకం సున్నా. సున్నా అంకెని ఆ గడిలో నేనెప్పుడూ చూడలేదు. ఎర్ర దీపం వెలిగింది. దాని మీద టోపీ పెట్టి నేనూ భోజనశాలకి పోయాను.

పాలపొడి డబ్బా రేకుతో కిరీటం. నేల తుడిచే బ్రష్షు కుచ్చుతో మీసం. గుండెలో గరిటె, అదే బాణం. నీళ్ల పీపా ఏనుగు కాలు. హార్మోనియం లేదు కనుక దేవసహాయం గోడ మీది గాలి గొట్టం మర పావు వంతు తిప్పి శ్రుతి ఇచ్చాడు. "ఎంతసేపైనా ఆగకుండా మోగిద్ది, మీరు పాడుకోండి" అన్నాడు.

భద్రాచలంగారు అందుకున్నారు. పాలకూర గట్టు మీద విన్న గొంతు కాదు అది. దీపం ఆర్పవద్దని రాజు అడుగుతుంటే, ఆర్పము అని ఎవరో ఆడమనిషి గట్టిగానే అనేసింది. రెండో పాదం. మూడో పాదం. "వెలసెనేని" దగ్గర ఆయన గొంతు పైకి, ఇంకా పైకి వెళ్లి, అక్కడ నిలబడింది. ఇక నాలుగోది అందుకోవడానికి ఆయన ఊపిరి పీల్చారు.

"వన్స్‌మోర్!"

ఎవరన్నారో తెలియదు. మరుక్షణం మూడు వందల గొంతులూ కలిశాయి. ఆయన నోటి నుంచే ఊరంతా నేర్చుకున్న మాట, ఆయనలాగే, సరిగ్గా ఆయన అరిచిన చోటే అరిచారు. భద్రాచలంగారు పీల్చిన ఊపిరితో నా వైపు చూశారు. ఆ చూపులో ఎంత ఆనందమో! జనం అడిగాక నటుడు కాదనకూడదు. గుండెలో గరిటె సర్దుకుని మళ్లీ మొదటి నుంచి ఎత్తుకున్నారు.

మూడో పాదం దగ్గర మళ్లీ వన్స్‌మోర్. మళ్లీ మొదటి నుంచి. మూడోసారి ఆయన ఇలా కాదని, కాస్త ఊపిరి తీసుకోవడానికి ప్రాణం వదిలేశారు. భూమ్మీద అయితే దబ్బున పడేవారు. ఇక్కడ మనిషి పడడానికి తీరిక దొరుకుతుంది. రాజుగారు మెల్లగా వెనక్కి వాలుతూ, చేతులు చాపి, దారిలో ఒకసారి రాణిని తలుచుకుని, మీసం సవరించుకుని మరీ నేల చేరారు. ఊడిన కిరీటం రెండు గెంతులు గెంతి ఆయన పక్కన ఆగింది. జనం లేచి నిలబడ్డారు. వన్స్‌మోర్! చచ్చిన రాజు మోచేత్తో చిన్నగా నేలను నెట్టి, ఒక్క ఊపులో నిటారుగా లేచి నిలబడ్డాడు. తిరిగి వస్తానన్నవాడు నిజంగానే తిరిగి వచ్చాడు. నేనూ అరిచాను. గొంతు బొంగురుపోయేటట్టు అరిచాను.

నాలుగోసారి కూడా మూడో పాదం దగ్గర ఆపేసేసరికి సమ్మక్క ఓపిక నశించింది. గరిటె పట్టుకుని బల్లమీదికి ఒక్క దూకు దూకింది.

"నోర్లు మూస్తరా మూయరా! నెల దినాల నుంచి నాలుగో లైను, నాలుగో లైను అని నా పాణం దీసి, ఇప్పుడు జెప్పనియ్యరా? నా లైను నేనే పాడ్త!"

పాడింది. పెళ్లి ఊరేగింపు రాగంలోనే.

వేడిగా పెసరట్టుతో వేచియుండు!

వేయి కత్తులు అడ్డమొచ్చినా సరే, రాణీ, వేడి వేడి పెసరట్టు సిద్ధంగా ఉంచు! భద్రాచలంగారు ఆ మాట విని పీపా మీదికి ఒరిగిపోయి నవ్వారు. దేవసహాయం నవ్వుతూ మర తిప్పేస్తే శ్రుతి అరగజం పైకి పోయింది. ఇక జనం సంగతి చెప్పేదేముంది! సమ్మక్క ఆ పాదాన్ని ఆరుసార్లు పాడింది. తర్వాత నిజంగానే పెసరట్లు వేయాల్సి వచ్చింది.

రోజు 29

పొద్దున్నే నా బల్ల ముందు వరస. ఒక్కొక్కరూ వచ్చి "తృప్తి చెందాను" అని సంతకం పెట్టి వెళ్లారు. కొందరు పక్కన చిన్న చిన్న ముక్కలు రాశారు. "పెసరట్టు బాగుంది." "నా పాదమే బాగుంది, అయినా సరే." "మళ్లీ ఎప్పుడు?"

మధ్యాహ్నానికి మూడు వందల నాలుగు మూశాను. పద్యంతో, పెసరట్టుతో సహా జరిగిందంతా నివేదిక రాసి పై ఆఫీసుకి పంపాను. 4417 ఒక్కటే మిగిలింది. భద్రాచలంగారు అలసిపోయి పడుకున్నారట. రేపు నేనే వెళ్తాను.

రోజు 30

ఉద్యోగం రెండేళ్లు పొడిగించారు. ఉత్తర్వు కింద అపరాజితగారి సొంత సందేశం ఉంది. "ఇది అధికారికం కాదు. మీరు పంపిన నివేదికలో ఆ మూడు పాదాలూ చదివాను. మా అమ్మకి వినిపించాను. మా ఇంట్లో నిన్నటి నుంచి అన్నం దగ్గర ఇదే గొడవ. పెసరట్టు బాగానే ఉంది గానీ, మా అమ్మ ఒప్పుకోవడం లేదు. అసలు నాలుగో పాదం ఏమిటండీ?"

ఫిర్యాదు నంబరు 4722 తెరిచాను. "పరిశీలనలో ఉంది" అని ముద్ర వేసి, తుడిచే గుడ్డ జేబులో పెట్టుకుని, మూడు గెంతుల్లో వసారా దాటాను.

భద్రాచలంగారు కొత్తిమీరకి నీళ్లు పెడుతున్నారు. సంతకం కోసం వచ్చాననుకుని చెయ్యి తుడుచుకున్నారు. సంతకం తర్వాత, ముందు ఒకటి వినాలి అన్నాను. నాకు పాడడం రాదు, పద్యమంటే పడదు, నవ్వకూడదు అని మూడు షరతులు పెట్టాను. ఆయన గట్టు మీద కూర్చున్నారు.

మొదటి పాదంలోనే శ్రుతి తప్పాను. రెండో పాదంలో దొరికింది. మూడో పాదం చివర, ఆయన పాడినట్టే, "వెలసెనేని" దగ్గర గొంతు పైకి తీసుకెళ్లి ఆగి, ఊపిరి పీల్చుకున్నాను. ఆయన పెదవులు తెరుచుకోబోయాయి. చటుక్కున రెండు చేతులూ అడ్డం పెట్టుకుని తన నోరు తానే మూసేసుకున్నారు. ఆ చేతుల పైన కళ్లు మాత్రం నా మీదే ఉన్నాయి.

నీవు పిలిచిన చాలు నే నెగ్గి వత్తు

పాదం పూర్తయింది. ఆయన ఇంకా నోరు తెరవలేదు. చివరి అక్షరం గదిలో పూర్తిగా అణిగేదాకా, నీళ్ల చుక్క ఒకటి ఆకు మీంచి తీరిగ్గా జారి కింద పడేదాకా ఆగారు. అప్పుడు చేతులు తీసి, కళ్లు తుడుచుకుని, ఈసారి మెల్లగా, పద్ధతిగా, వేళకి అన్నారు.

"వన్స్‌మోర్."